సక్కుబాయి ముట్టనివ్వని సీపీయూ

సక్కుబాయికి అనుమానం ఎక్కువ అంటే తక్కువ చెప్పినట్టే. పాలు పోసే మనిషి నవ్వుతూ పోస్తే ఇవాళ నీళ్లు బాగా కలిపాడనుకుంటుంది. నవ్వకుండా పోస్తే నిన్న కలిపినందుకు మొహం చెల్లడం లేదనుకుంటుంది. ఆమె మొగుడు లింగమూర్తి ఒక ఐటీ పార్కు గేటు దగ్గర సెక్యూరిటీ గార్డు. లోపలికి పోయేవాళ్ల బ్యాగులు తెరిపించి చూడడం ఆయన పని. "నేను డ్యూటీల సంచులే జూస్త. మా ఇంటామె మనుషుల కడుపులల్ల గూడ జూస్తది" అని తోటి గార్డులతో అంటుంటాడు. ఆమె ముందు అనేంత ధైర్యం ఆయనకు లేదు లెండి.

ఆమె పుట్టింది మాదాపూర్‌లోనే, అది ఇంకా రాళ్లగుట్టల మధ్య ఊరుగా ఉన్న రోజుల్లో. అద్దాల మేడలు లేస్తున్నప్పుడు చుట్టుపక్కల వాళ్లంతా జాగాలు అమ్ముకున్నారు. ఆమె అమ్మలేదు. కొంటానని వచ్చిన ప్రతివాడూ మోసగాడిలాగే కనిపించాడు మరి! ఆ అనుమానమే చివరికి ఆమెకు అన్నం పెట్టింది, అది మాత్రం ఒప్పుకోవాలి. ఆ జాగాలో ఇల్లు కట్టి కింది గదిలో మొదట ఎస్టీడీ బూత్ పెట్టింది. తర్వాత అదే ఇంటర్నెట్ సెంటర్ అయింది. ఇంటర్నెట్ అందరి ఫోన్లలోకీ వచ్చేశాక, సందు నిండా హాస్టళ్లు మొలిచాక, గేమింగ్ సెంటర్ అయింది. సాయంత్రం ఆఫీసులు వదలగానే పిల్లలు మెడలో ట్యాగులు కూడా తీయకుండా వచ్చి కూర్చుని కార్లు గుద్దుకుంటారు, తుపాకులు పేల్చుకుంటారు. సక్కుబాయి తలుపు పక్కన ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని వాళ్ల చేతులే చూస్తుంటుంది. మౌసులు జేబులో వేసుకుపోయే మహానుభావులున్నారు ఈ లోకంలో.

దొంగతనానికి ఆమె కనిపెట్టిన మందు గోళ్ల రంగు. ప్రతి సీపీయూకూ ప్రతి స్క్రూ మీదా ఎర్ర గోళ్ల రంగు చుక్క పెట్టి ఉంటుంది. స్క్రూ విప్పితే చుక్క పగులుతుంది, దొంగ దొరికిపోతాడు. ఇంతవరకూ ఏ చుక్కా పగల్లేదు, ఎవడూ దొరకలేదు. దొంగలు తెలివిమీరిపోయారని ఆమె బాధ.

ఇంతటి మనిషీ నమ్మింది ఒకే ఒక్కణ్ణి. అతని పేరు మహేందర్. వాళ్ల నాన్న మేస్త్రీ పని చేస్తూ వీళ్ల పక్కింట్లో కిరాయికి ఉన్నప్పుడు, చిన్న మహేందర్ ఇంటర్నెట్ సెంటర్‌లోనే పెరిగాడు. సక్కుబాయికి పిల్లల్లేరు. పళ్లెంలో ఇంత అన్నం పెట్టి పిలిస్తే వాడు కంప్యూటర్ మీది కళ్లు తీయకుండానే తినేవాడు. ఇప్పుడు పెళ్లయింది, భార్య కళ్యాణితో బోరబండలో ఉంటున్నాడు. హాస్టళ్లకూ చిన్న చిన్న ఆఫీసులకూ తిరిగి కంప్యూటర్లు బాగుచేస్తాడు. సెంటర్ తాళం చెవి సక్కుబాయి కట్టుకున్న మొగుడికి కూడా ఇవ్వదు గానీ మహేందర్ దగ్గర ఒకటి ఉంది.

దసరా ముందు సెంటర్‌కు కొత్త గ్రాఫిక్స్ కార్డు వచ్చింది. కొత్త ఆటలు ఆడాలంటే తెర మీద బొమ్మలు గీసే కార్డు గట్టిదై ఉండాలనీ, దానికి సొంత మెమరీ దండిగా ఉండాలనీ హాస్టల్ పిల్లలు ఏడాదిగా ఆమె ప్రాణం తీస్తున్నారు. మహేందర్ ఆమెను వెంటబెట్టుకుని బజారుకు పోయాడు. "డబ్బా మీద ఎన్మిది జీబీ అని ఉంటది పెద్దమ్మా, లోపల రెండే ఉంటది. కార్డే ఎన్మిదని అబద్ధం జెప్పేటట్టు చేసి అమ్ముతరు. జర జూస్కొని కొనాలె" అని చెప్పి, షాపులోనే కంప్యూటర్‌కు పెట్టించి, మెమరీ సరిగ్గా ఉందని చూపించాకే కొనిపించాడు. లోకంలో ఇంత మోసం ఉందని విని సక్కుబాయి ఎంత సంతోషించిందో చెప్పలేను. తను చిన్నప్పటినుంచీ చెబుతున్నదే నిజమైంది కదా!

దసరా నాడు సెంటర్ మూసి ఆయుధ పూజ చేసుకున్నారు. కొత్త బండి వస్తే పసుపు రాసి బొట్టు పెట్టమా? కొత్త కార్డుకు పెట్టకపోతే ఎట్లా? అయితే కార్డు ఉండేది సీపీయూ లోపల. మూత విప్పితే తన చుక్కలు తనే పగలగొట్టుకోవాలి. బయటికి కనబడేదల్లా వెనక వైపు ఇంత ఇనుప పట్టీ, అందులో తెర వైరు పెట్టే చోటు. సక్కుబాయి ఆ వైరు పీకి, పట్టీకి గంధం రాసి, కుంకుమ బొట్టు పెట్టి, బంతిపువ్వు రేకులు అద్దింది. లింగమూర్తి సాయం చేస్తానంటే దూరంగా నిలబడమంది. ఆ తర్వాత నిశ్చింతగా పండగ భోజనం చేసింది.

మర్నాడు జమ్మి ఆకు చేతిలో పెట్టి రావడానికి మియాపూర్‌లో చెల్లెలింటికి పోయింది. ఆ రోజే మహేందర్ వచ్చి, తన దగ్గరున్న చెవితో సెంటర్ తెరిచి, అన్నిటికీ అప్‌డేట్లు పెట్టి పోయాడు.

ఆ మరుసటి సాయంత్రం సెంటర్ తెరిచారు. హాస్టల్లో ఉండే రవికిరణ్, గుంటూరు వైపు పిల్లాడు, సాఫ్ట్‌వేర్ ఉద్యోగం, కొత్త కార్డున్న కంప్యూటర్ ముందు కూర్చుని కార్ల ఆట తెరిచాడు. ఆట తెరుచుకోలేదు. తెర మీద ఏదో ఇంగ్లీషు ముక్క వచ్చి నిలబడింది.

"ఆంటీ, వీడియో మెమరీ చాలదంటోందండి. నూట ఇరవై ఎనిమిది ఎంబీ ఉందట."

"అది ఎక్వనా తక్వనా?"

"మా తాతగారి కంప్యూటర్లో ఉండేదండి అంత" అన్నాడు రవికిరణ్.

పాపం, వాడు చేయగలిగిందంతా చేశాడు. మెషీన్ ఆపి మళ్లీ వేశాడు. డ్రైవర్ సాఫ్ట్‌వేర్ తీసేసి కొత్తగా పెట్టాడు. ఆట మొత్తం తుడిచేసి మళ్లీ ఎక్కించాడు. ఎన్ని చేసినా ఆటది అదే మాట. చివరికి చేతులెత్తేసి, వెళ్తూ వెళ్తూ ఊరికే ఉండకుండా, "నకిలీ కార్డులు తిరుగుతున్నాయి ఆంటీ బయట. మీదేమైనా మారిందేమో చూసుకోండి" అనేసి పోయాడు. అనుమానం పెనుభూతం అంటారు. మామూలు మనుషుల మాటే అది. సక్కుబాయికైతే ఆ భూతం ఇంట్లో మనిషే.

మారింది. ఎవరు మార్చారు? నిన్న సెంటర్‌లో ఒంటరిగా ఉన్నదెవరు? నకిలీ కార్డుల సంగతి తెలిసిందెవరికి? చెవి ఎవరి దగ్గరుంది? ఆమె రాత్రి అన్నం ముట్టలేదు.

"రంగు చుక్కలు పగల్లేదు గదనే" అన్నాడు లింగమూర్తి. "మరి మూత ఇప్పకుంట కార్డెట్ల మారుస్తడు?"

అది నిజమే. సక్కుబాయి కాసేపు ఆగిపోయింది. నిజం చెప్పొద్దూ, అక్కడితో ఆగిపోయి ఉంటే ఈ కథే లేదు. కానీ మరుక్షణం ఆమె కళ్లు మెరిశాయి.

"బతుకమ్మ నాడు కళ్యాణి గోళ్లు జూసినవా? గిదే రంగు! చుక్క పగలగొట్టి మల్ల చుక్క పెట్టిండు. ఎంత తెలివి జూడు!"

లింగమూర్తి దుప్పటి ముసుగు పెట్టుకున్నాడు.

ఆమె ఫోన్ చేస్తే మర్నాడు మధ్యాహ్నం మహేందర్ వచ్చాడు. చేతిలో బ్యాగుంది. ఎప్పుడూ లేనిది ఇస్త్రీ చొక్కా వేసుకున్నాడు. చాయ్ తాగమంటే వద్దన్నాడు, త్వరగా పోవాలన్నాడు. ఎక్కడికని అడిగితే, "ఉన్నది పెద్దమ్మా, జరంత పని" అని నసిగాడు. పాత స్నేహం కొద్దీ ఏ మూలో మిగిలిన నమ్మకం కూడా ఆ నసుగుడుతో పోయింది.

సంగతి విని మహేందర్ అదేం పెద్ద కష్టం కాదన్నట్టు సీపీయూ వైపు వంగాడు. "ఒక్కసారి ఎన్కకు తిప్పి జూస్త" అన్నాడు.

"ముట్టకు!"

మహేందర్ చెయ్యి గాలిలోనే ఆగింది.

"ముడితే అసలుది మల్ల పెట్టేస్తవ్. నాకు తెల్వదనుకున్నవా? బ్యాగుల ఏముంది?"

"ఏంది పెద్దమ్మా గీ మాటలు? నేను దొంగతనం చేసిన్నంటవా?"

"నేనన్ననా? నువ్వే అంటున్నవ్. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు!"

"తిప్పి జూస్తనంటున్న గదా. ఒక్క నిమిషం పని. నువ్వే పక్కన నిలబడి జూడు."

"నా పానం పోయినా ముట్టనియ్య."

 మహేందర్ కళ్లలో నీళ్లు తిరిగాయి. ఆమె అవి చూసింది, చూసి దొంగ ఏడుపనుకుంది. బ్యాగు తెరిచి ఆమె ముందు బోర్లించాడు. ఫైలొకటి, టిఫిన్ డబ్బా ఒకటి, ఒక దువ్వెన పడ్డాయి. అన్నీ మళ్లీ ఏరుకుని, "నీ ఇష్టం పెద్దమ్మా. కోపం తగ్గినంక పిలువు, వస్త" అని వెళ్లిపోయాడు. కార్డును ఈపాటికే అమ్మేసి ఉంటాడని, అందుకే ధైర్యంగా బ్యాగు చూపించాడని సక్కుబాయి తేల్చుకుంది.

ఆ పనేమిటో మర్నాడు తెలిసింది. కొత్త నంబరు నుంచి ఫోన్ వచ్చింది. అవతల ఎవరో అమ్మాయి, మాటకు ముందొక అండి, వెనకొక అండి.

"నమస్తే అండి, సక్కుబాయి గారేనా? నేను నవ్యనండి, వెరిఫికేషన్ ఏజెన్సీ నుంచి. మహేందర్ గారు ఒక కంపెనీలో ఉద్యోగానికి సెలెక్ట్ అయ్యారండి. ఆయన గురించి చెప్పడానికి మీ పేరిచ్చారు."

"ఏం ఉద్యోగం?"

"హైటెక్ సిటీలోనేనండి. ఆఫీసులో అందరి కంప్యూటర్లూ చూసుకోవాలి. లక్షల విలువైన సామాను ఆయన చేతిలో ఉంటుంది కదండి, అందుకని అడుగుతున్నాం. మనిషి నమ్మకస్తుడేనా అండి?"

ఇస్త్రీ చొక్కా, తొందర, నసుగుడు, అన్నీ ఇప్పుడు అర్థమయ్యాయి. మామూలు మనిషికైతే, పాపం ఇంటర్వ్యూకు పోతూ కూడా తను పిలిస్తే వచ్చాడే అనిపించేది. సక్కుబాయికి ఒళ్లు మండిపోయింది. తన దగ్గర కొట్టేసి, తనకో మాటైనా చెప్పకుండా, కంపెనీని కొట్టేయడానికి పోతున్నాడా?

"నమ్మకమా? నా కార్డు మార్చిండమ్మా వాడు. దొంగ! గంతకంటె ఏం జెప్పాలె?"

"ఇంకొక్కసారి చెప్తారా అండి? కాల్ రికార్డవుతోంది."

"దొంగ" అంది సక్కుబాయి, ఈసారి ఇంకా గట్టిగా. ఫోన్ పెట్టేసింది. ఒకరికి మేలు చేశానన్న తృప్తితో చాయ్ పెట్టుకుని తాగింది.

అంతటితో ఊరుకునే మనిషి కాదు. పోలీసులకు ఫిర్యాదు ఇవ్వాలనుకుంది. దానికి సాక్ష్యం కావాలి. ఆదివారం పొద్దున రవికిరణ్‌ను పిలిచి, కార్డు నకిలీదని కనబడేటట్టు ఒక ఫోటో తీసిపెట్టమంది. వాడు ఆట జోలికి పోకుండా, ఆ కంప్యూటర్లో ఏమేం సామాను ఉందో చూపించే చోటు తెరిచాడు. తెరిచి, తల గోక్కున్నాడు.

"ఆంటీ, కార్డు ఉందండి."

"నకిలీదే గదా?"

"కాదండి. పేరు అదే, మెమరీ మొత్తం ఎనిమిది జీబీ ఉంది. పరీక్ష పెట్టి చూశాను, పూర్తిగా నిండుతోంది. కానీ పని లేకుండా ఖాళీగా కూర్చుంది."

"మరి ఆట నూట ఇరవై ఎన్మిదని ఎందుకు మొత్తుకుంటుంది?"

"ఇందులో బొమ్మలు గీసేవి రెండున్నాయండి. ఒకటి మీ కార్డు. ఇంకొకటి ప్రాసెసర్‌తో పాటే వచ్చే చిన్నది, దానికి మెమరీ అంతే ఉంటుంది. తెర వైరు దేనికి తగిలించి ఉంటే ఈ ఆట దాన్నే అడుగుతుందండి." అంటూ వాడు లేచి, ఆమె వద్దనేలోపే, సీపీయూను పట్టుకుని గిర్రున వెనక్కి తిప్పేశాడు.

వైరు పైన ఉంది, చిన్నదానికి. కింద కొత్త కార్డు పట్టీ మీద గంధం ఎండి పొలుసులు లేచింది. వైరు పెట్టాల్సిన చోట కుంకుమ, దాని మీద అంటుకుపోయి వాడిన బంతి రేకు.

"ఇదెవరు చేశారాంటీ?" అని నవ్వాడు రవికిరణ్.

సక్కుబాయి నవ్వలేదు. దసరా నాటి సంగతి మొత్తం కళ్లముందుకొచ్చింది. బొట్టు పెట్టింది తను. తడి బొట్టు మీద వైరు గుచ్చి చెరిపితే అమ్మవారికి కోపమొస్తుందని, పైన అచ్చం అలాంటిదే ఇంకో రంధ్రం కనిపిస్తే అందులో పెట్టేసింది. తెర వెలిగింది. వెలిగింది కదా, ఇక రెండూ ఒకటేననుకుంది. లోకంలో అందర్నీ అనుమానించిన మనిషికి తన చేతిని అనుమానించాలని ఒక్కసారి కూడా తోచలేదు. రవికిరణ్ గుడ్డతో తుడిచి వైరు కిందికి మార్చాడు. ఆట గుక్క తిప్పుకోకుండా తెరుచుకుంది. "థ్యాంక్స్ ఆంటీ" అని వాడు కార్లు తోలుకోవడం మొదలుపెట్టాడు.

సక్కుబాయి బయటికొచ్చి మెట్ల మీద కూలబడింది. కాలు జారితే తీసుకోవచ్చు గానీ నోరు జారితే తీసుకోలేమంటారు. అయినా తీసుకుందామనే చూసింది. ఆ నంబరుకే ఫోన్ చేసింది. ఆదివారం ఎత్తలేదు. సోమవారం పొద్దున్నే ఎత్తింది నవ్య.

"అమ్మా, నేను తప్పు జెప్పిన. మహేందర్ దొంగ గాదు. బంగారమసుంటి పిల్లగాడు. రాస్కో."



"మొన్న దొంగ అన్నారు కదండి. ఆయన మిమ్మల్ని కలిశారా?"

"కలువలే. వానికి ఎర్కనే లేదు."

"ఇప్పుడు పక్కనున్నారా అండి? ఉంటే అవునని మాత్రం అనండి, చాలు."

"ఎవ్వరు లేరమ్మా! నేను బొట్టు పెట్టిన..."

"బొట్టా అండి?"

సక్కుబాయి మొత్తం చెప్పింది. ఆయుధ పూజ, గంధం, రేకులు, పై రంధ్రం, కింది రంధ్రం. ఎంత వివరంగా చెబితే అంత అబద్ధంలా వినబడుతోందని ఆమెకే తెలుస్తోంది. ఎదుటివాళ్లు ఇలా వివరాలు చెప్పినప్పుడు తనెప్పుడైనా నమ్మిందా?

"డబ్బులేమైనా ఇచ్చారా అండి?" అంది నవ్య మెల్లగా. "లేకపోతే భయపెట్టారా? ఇలా మాట మార్చేవాళ్లని మేం రోజూ చూస్తూనే ఉంటామండి. మొదట చెప్పింది రిపోర్టులో ఎప్పుడో వెళ్లిపోయింది. ఇది కూడా రాస్తాను. కాకపోతే, ఒత్తిడి వల్ల మాట మార్చినట్టుందని రాయాల్సి వస్తుందండి."

"ఒట్టు తల్లీ, నా మాట నమ్ము!" అని సక్కుబాయి అరిచింది. పుట్టి బుద్ధెరిగాక ఆమె ఎవరినీ అడగని మాట అది. నవ్య "ఉంటానండి" అని మర్యాదగా ఫోన్ పెట్టేసింది.

అబద్ధమేమో రెండుసార్లు చెప్పించుకుని మరీ రాసుకున్నారు, నిజం చెబితే ఎంత తిన్నావని అడిగారు! కోపం పట్టలేక సక్కుబాయి నవ్యను తిట్టింది, రవికిరణ్‌ను తిట్టింది, దసరాను కూడా ఓ మాటంది. లింగమూర్తి డ్యూటీకి పోతూ చెప్పులు వేసుకుంటున్నవాడల్లా ఆగాడు. "అందర్ని దిట్టుడు అయిందా? ఇగ బోరబండ పో. పోరనికి వేరేవాళ్లు జెప్పకముందే నువ్వు జెప్పు" అన్నాడు. జీవితంలో మొదటిసారి ఆయన మాటకు ఆమె ఎదురు చెప్పలేదు.

ఆటో దిగేసరికి మహేందర్ ఇంట్లోనే ఉన్నాడు. గడప మీద కూర్చుని ఫోన్ చూసుకుంటున్నాడు. కళ్యాణి పక్కన చిక్కుడుకాయలు ఒలుస్తోంది. సక్కుబాయిని చూడగానే గబుక్కున లేచి, "కోపం తగ్గిందా పెద్దమ్మా? రా, కూసో" అన్నాడు. 

"నౌకరి పోయింది పెద్దమ్మా" అన్నాడు తనే. "నీకు జెప్పలే. ఒచ్చినంక స్వీట్ డబ్బా వట్కొనొచ్చి జెప్దామనుకున్న. పొద్దుగాల మెయిల్ వెట్టిన్రు, తీస్కోలేమని. ఎందుకో రాయలే. సర్టిఫికెట్లన్ని కరెక్టే ఇచ్చిన. యాడ తప్పయిందో సమజైతలేదు."

"మీ పేరు గూడ ఇచ్చిండు అత్తమ్మా" అంది కళ్యాణి, కాయలు ఒలుస్తూనే. "ఇంకొకల పేరు గూడ ఇయ్యమంటే, పెద్దమ్మ ఉండంగ ఇంకొకలెందుకన్నడు. మొన్న మీరు గట్ల కోపం జేసిన్రు గద. నాకైతే గా అనుమానమే ఒచ్చింది."

"ఏయ్, ఊకో" అని మహేందర్ భార్యను కసిరాడు. సక్కుబాయి వైపు తిరిగి నవ్వబోయాడు. "దాని మాటలు పట్టించుకోకు. నువ్వు నన్ను ఇంట్ల ఎన్నన్న అంటవ్. బయటోళ్ల ముంగట ఒక్క మాట పడనియ్యవ్. నాకు తెల్వదా?"

 ఇంటి నుంచి సక్కుబాయి తయారు చేసుకొచ్చిన మాటలు, పూజ గురించీ వైరు గురించీ ఆ నవ్య గురించీ అన్నీ ఇప్పుడు ఎందుకూ పనికిరానివిగా తోచాయి. ఏడుపు తన్నుకొచ్చింది. వాడి మొహంలో ఆమె ఎంత వెతికినా అనుమానం మచ్చుకైనా లేదు.

"నేనే జెప్పిన బిడ్డా" అంది. "ఫోన్ల నిన్ను దొంగన్న."

కళ్యాణి చేతిలో చిక్కుడుకాయ ఆగింది. మహేందర్ ఇంకా నవ్వబోతున్న మొహంతోనే ఆమెను చూస్తున్నాడు.